గుడ్డు లేని కేకు, ఆమ్లెట్, మయొనైజ్: దేంట్లో ఏం వెయ్యాలి, ఎందుకు

కోడిగుడ్డు మానేసినవాళ్లు ముందుగా అడిగేది "ఒక గుడ్డుకు బదులు ఏం వెయ్యాలి?" అని. దీనికి అందరూ చెప్పే జవాబు ఒకటుంది: ఒక చెంచా అవిసె పొడి, మూడు చెంచాల నీళ్లు. బిస్కెట్లలో అలా వేస్తే బాగానే వస్తాయి. నాలుగు గుడ్లు పడాల్సిన స్పాంజ్ కేకులో వేస్తే మాత్రం లోపల జిగట ముద్ద మిగులుతుంది. ఆ కేకులో గుడ్డు చేసే పని అవిసె చెయ్యలేదు, అంతే. కాబట్టి ముందు తేల్చుకోవాల్సింది ఈ వంటలో గుడ్డు ఏ పని చేస్తోందన్నది. అది తేలితే ఖరీదైన ప్యాకెట్ల అవసరం పెద్దగా రాదు. కర్నూలు, అనంతపురం, కడప ఊళ్లలో కిరాణా కొట్లలో దొరికే శనగపిండి, పెసరపప్పు, అవిసెలు, శనగలతోనే చాలావరకు పనైపోతుంది.

పెంకు తీసిన మామూలు గుడ్డు సుమారు 50 గ్రాములు తూగుతుంది. తెల్లసొన 30 గ్రాముల పైచిలుకు, మిగతాది పచ్చసొన. తెల్లసొనలో పదింట తొమ్మిది వంతులు నీళ్లే, తక్కిన వంతు దాదాపుగా ప్రొటీన్. పచ్చసొనలో సగం నీళ్లు, మూడో వంతుకు దగ్గరగా కొవ్వు, మిగిలినదాంట్లో ఎక్కువ భాగం ప్రొటీన్. నూనెను నీళ్లను విడిపోకుండా కలిపి ఉంచే లెసితిన్ కూడా ఈ పచ్చసొనలోనే ఉంటుంది. తెల్లసొనను గిలకొడితే గాలిని పట్టి నురగవుతుంది. 62 డిగ్రీల దగ్గర చిక్కబడటం మొదలై, 80 దాటేసరికి గట్టిపడుతుంది. స్పాంజ్ కేకు రహస్యమంతా ఇక్కడే ఉంది. నురగలోని గాలి వేడికి ఉబ్బుతుంది, ఉబ్బిన బుడగల గోడలను అదే వేడి బిగించేస్తుంది. గాలిని పట్టే మొక్కల సరుకులు ఉన్నాయి, వేడికి గట్టిపడేవీ ఉన్నాయి. రెండూ ఒకేసారి గుడ్డంత బాగా చేసేది మాత్రం వంటింట్లో దొరకదు.

పట్టు కోసం

బిస్కెట్లు, మఫిన్లు, కట్లెట్లు, ఒకటి రెండు గుడ్లు పడే కేకులు. వీటిలో గుడ్డు ముఖ్యంగా పిండి విడిపోకుండా పట్టి ఉంచుతుంది, కాస్త తేమ ఇస్తుంది. అవిసె సరిగ్గా సరిపోయేది ఇక్కడే. ఒక గుడ్డుకు 7 గ్రాముల పొడి, అంటే తల గీసిన ఒక టేబుల్ స్పూన్, 45 మి.లీ. నీళ్లు. కలిపి 10-15 నిమిషాలు వదిలేస్తే చెంచాతో ఎత్తినప్పుడు తీగ సాగుతుంది. గింజ పై పొరలో ఉండే జిగురు చేసే పని ఇది. పొడి ఎంత మెత్తగా ఉంటే ఆ జిగురు అంత త్వరగా నీళ్లలోకి దిగుతుంది. మిక్సీ చిన్న జారులో పచ్చి గింజలనే పొడి చెయ్యాలి. అన్నంలోకి చేసుకునే అవిసె కారం కోసం వేయించిన గింజలు వాడితే ఆ వేపుడు వాసన బిస్కెట్టులో పైకి తేలుతుంది. పొడిని బయట డబ్బాలో పెట్టకూడదు. అవిసె నూనె గాలి తగిలితే తొందరగా పాడవుతుంది, మన మే నెల ఎండల్లో మరీను. పెయింటు లాంటి వాసన వచ్చిందంటే పారెయ్యడమే. ఫ్రిజ్‌లో పెట్టి నెలలోపు వాడుకోవాలి, లేదా ఎప్పటికప్పుడు పొడి చేసుకోవాలి.

మూడు గుడ్లకు బదులు ఇదే పెడితే 135 మి.లీ. నీళ్లు జిగురులో చిక్కుకుపోతాయి. ఓవెన్‌లో ఎంతసేపు ఉంచినా ఆ తేమ బయటికి రాదు. పైన మాడుతుంది, లోపల బంకగా ఉంటుంది. ఒక వంటకంలో రెండు గుడ్లకు మించి అవిసెతో భర్తీ చెయ్యకపోవడం మంచిది. చియా గింజలూ ఇదే కొలతలో పనిచేస్తాయి. చూడటానికి చియాలాగే ఉండే సబ్జా మాత్రం పనికిరాదు. దాని జిగురు గింజ చుట్టూనే అంటుకుని ఉంటుంది, పిండిలో కలవదు.

బాగా మాగిన అరటిపండు గుజ్జు 60 గ్రాములు ఒక గుడ్డుకు సరిపోతుంది. పులివెందుల, పుట్లూరు వైపు నుంచి వచ్చే పొడవాటి పచ్చ అరటి అయితే తొక్క మీద నల్ల చుక్కలు పడేదాకా ఆగాలి. దోరగా ఉన్నప్పుడు వేస్తే లోపలి పిండిపదార్థం ఇంకా చక్కెరగా మారి ఉండదు, కేకు బరువెక్కుతుంది. ఎలా చేసినా కేకుకు అరటి రుచి తప్పదు. అది ఇష్టం లేకపోతే ఉడికించిన తియ్యగుమ్మడి గుజ్జు అదే కొలతలో వాడొచ్చు. నీళ్లు బాగా ఇగిరిపోయాక తూచాలి.

కట్లెట్లకు, పై పూతలకు కొత్తగా వెతకాల్సిందేమీ లేదు. ఉగ్గానిలోకి వేసే మిరపకాయ బజ్జీకి పూత ఎలా పడుతుందో కట్లెట్టుకూ అలాగే పడుతుంది. మూడు టేబుల్ స్పూన్ల శనగపిండిలో నాలుగైదు టేబుల్ స్పూన్ల నీళ్లు కలిపి, అందులో ముంచి రొట్టె పొడిలో పొర్లిస్తే చాలు. లోపలి ముద్ద విడిపోతుంటే తప్పు పూతది కాదు, కూరలో నీళ్లు ఎక్కువున్నాయి. ఉడికిన ఆలుగడ్డను వేడిగా ఉన్నప్పుడే మెదిపి, ఆవిరి పోయాక కలపాలి.

ఉబ్బు కోసం: సోడా లెక్క

"ఒక గుడ్డుకు ఒక టేబుల్ స్పూన్ వినెగర్, ఒక టీ స్పూన్ వంట సోడా" అనే కొలత చాలాచోట్ల కనిపిస్తుంది. ఈ కొలత తప్పు. ఎందుకో లెక్క వేసి చూస్తే తెలిసిపోతుంది. 5 శాతం వినెగర్ 15 మి.లీ. తీసుకుంటే అందులో ఎసిటిక్ ఆమ్లం ముప్పావు గ్రాము ఉంటుంది. దానికి సరిపడే సోడా సుమారు 1 గ్రాము, అంటే పావు టీ స్పూన్‌కు కొంచెం తక్కువే. టీ స్పూన్ నిండా వేస్తే 5 గ్రాములు. మిగిలిన 4 గ్రాములకు తోడుగా ఆమ్లం ఉండదు, వేడికి అది చాకలి సోడా రకంగా మారుతుంది. కేకు పచ్చగా, సబ్బు రుచితో రావడానికి, గబుక్కున పొంగి మధ్యలో కుంగిపోవడానికి చాలాసార్లు ఇదే కారణం. కొట్లలో దొరికే తెల్ల వినెగర్ తరచుగా 4 శాతమే ఉంటుంది. సీసా మీద చూసుకుని సోడా ఇంకొంచెం తగ్గించాలి.

నిమ్మరసంలో ఆమ్లం వినెగర్‌కు దగ్గరగానే ఉంటుంది కాబట్టి అదే లెక్క. అనంతపురం చీనీకాయ (బత్తాయి) రసం ఈ పనికి చాలదు. తీపి ఉంది, సువాసన ఉంది, పులుపు మాత్రం చాలా తక్కువ. చీనీ కేకు చెయ్యాలంటే రసాన్ని రుచికి వాడి, సోడాకు నిమ్మకాయ పిండాలి. కొలతలు ఇవి: మైదా 180 గ్రాములు, పంచదార 150 గ్రాములు, బేకింగ్ పౌడర్ ఒకటిన్నర టీ స్పూన్, వంట సోడా పావు టీ స్పూన్, ఉప్పు పావు టీ స్పూన్, వాసన లేని నూనె 75 మి.లీ., చీనీ రసం 120 మి.లీ., నీళ్లు 100 మి.లీ., నిమ్మరసం 15 మి.లీ., ఒక చీనీకాయ పై తొక్క తురుము. తురిమేటప్పుడు తెల్ల పొర దాకా పోకూడదు. రసం పిండి నిలవ ఉంచితే చేదెక్కుతుంది, కలపబోయే ముందే పిండుకోవాలి. గానుగ బుడ్డల (వేరుశనగ) నూనె మంచిదే గానీ ఈ కేకులో దాని వాసన చీనీని మింగేస్తుంది.

పొడి సరుకులు రెండుసార్లు జల్లించి, తడివి ఇంకో గిన్నెలో కలిపి, రెండింటినీ ఒక్కటి చెయ్యాలి. ఇక్కడ చెయ్యి ఆపుకోవడం ముఖ్యం. గుడ్డు లేనప్పుడు కేకును నిలబెట్టేవి మైదాలోని గ్లూటెన్ అనే సాగే ప్రొటీన్, పిండిపదార్థమే. ఎక్కువ కలిపితే గ్లూటెన్ బిగిసి కేకు సాగుడుగా తయారవుతుంది, కోసి చూస్తే పొడవాటి సొరంగాలు కనిపిస్తాయి. పొడి పిండి కనబడకుండా పోయిన క్షణాన ఆపెయ్యాలి. చిన్న చిన్న ఉండలు మిగిలినా పర్వాలేదు. తడి తగిలిన వెంటనే సోడా పని మొదలవుతుంది కనక ఓవెన్ ముందే వేడెక్కి ఉండాలి. ఏడంగుళాల గిన్నెలో 180 డిగ్రీల దగ్గర 30-35 నిమిషాలు పడుతుంది. 25 నిమిషాల లోపు తలుపు తీస్తే గోడలు ఇంకా బిగుసుకోక మధ్యభాగం కిందికి దిగిపోతుంది.

ఓవెన్ లేనివాళ్లు కుక్కర్‌లో చెయ్యొచ్చు. గాస్కెట్టు, విజిలు తీసేసి, అడుగున స్టాండు పెట్టి, సన్న సెగన పది నిమిషాలు ఖాళీగా వేడి చెయ్యాలి. తర్వాత గిన్నె పెట్టి 40-45 నిమిషాలు ఉంచాలి. నీళ్లు పొయ్యకూడదు. పైభాగం ఎర్రబడదు, తెల్లగానే ఉంటుంది. రంగు కోసం ఇంకాసేపు ఉంచితే అడుగు మాడుతుంది.

నురగ కోసం: శనగలు ఉడికిన నీళ్లు

శనగలు ఉడికిన నీళ్లు గిలకొడితే తెల్లసొనలా నురగ వస్తుందని 2014లో ఫ్రాన్స్‌లో జోయెల్ రోసెల్ అనే సంగీతకారుడు గమనించాడు. మరుసటి ఏడాది అమెరికాలో గూస్ వోల్ట్ అనే ఇంజనీరు ఆ నీళ్లతోనే మెరింగ్ (తెల్లసొన నురగలో పంచదార కలిపి ఆరబెట్టే తీపి) నిలబడుతుందని చూపించి, దానికి ఆక్వాఫాబా అని పేరు పెట్టాడు. అక్కడ అందరూ డబ్బా శనగల నీళ్లు వాడతారు. మనకు డబ్బాలు దొరకడం తక్కువ, పైగా వాటిలో ఉప్పు ఉంటుంది. ఇంట్లో ఉడికించుకోవడమే మేలు.

కర్నూలు, నంద్యాల నల్లరేగడి చేలల్లో పండే దేశవాళీ శనగల నీళ్లు ముదురు రంగులో, మట్టి వాసనతో ఉంటాయి. చాక్లెట్ కేకుకు, మయొనైజ్‌కు పర్వాలేదు. తెల్లటి మెరింగ్ కావాలంటే రైతులు డాలర్ శనగలనే కాబూలీ రకం తీసుకోవాలి. 200 గ్రాముల శనగలను రాత్రంతా నానబెట్టి ఆ నీళ్లు పారబొయ్యాలి. శనగలు మునిగి పైన అంగుళం నిలిచేలా కొత్త నీళ్లు పోసి, ఉప్పూ సోడా వెయ్యకుండా కుక్కర్‌లో మెత్తగా ఉడికించాలి. విజిళ్ల లెక్క కన్నా వేళ్ల మధ్య నలిపి చూడటం నమ్మకం. వెంటనే వడకట్టకూడదు. శనగలను అదే నీళ్లలో చల్లారనిచ్చి, వీలైతే రాత్రంతా ఫ్రిజ్‌లో ఉంచి, తర్వాత వడకట్టాలి. అప్పటికీ పల్చగా ఉంటే వెడల్పు గిన్నెలో మరిగించాలి. చల్లారాక రెండు వేళ్ల మధ్య జారుడుగా, తెల్లసొనంత చిక్కగా ఉంటే సరిపోయినట్టు.

అనంతపురం వైపు చాలాచోట్ల బోరు నీళ్లలో సున్నం ఎక్కువ. ఆ నీళ్లలో శనగలు ఎన్ని విజిళ్లకూ మెత్తబడవు. నీళ్లలోని కాల్షియం గింజ గోడల్లోని పెక్టిన్ అనే జిగురు పదార్థాన్ని బిగించేస్తుంది. గింజ మెత్తబడకపోతే నురగకు కావాల్సిన సారం నీళ్లలోకి దిగదు. ఈ ఒక్క పనికైనా క్యాన్ నీళ్లు వాడితే తేడా కనిపిస్తుంది.

మూడు టేబుల్ స్పూన్లు ఒక పూర్తి గుడ్డుకు, రెండు ఒక తెల్లసొనకు సమానం. ఫ్రిజ్‌లో మూడు నాలుగు రోజులు, ఐసు ట్రేలో గడ్డకట్టిస్తే రెండు మూడు నెలలు ఉంటుంది. మెరింగ్‌కు 120 మి.లీ. చల్లటి ఆక్వాఫాబా, పావు టీ స్పూన్ క్రీమ్ ఆఫ్ టార్టార్ లేదా అర టీ స్పూన్ నిమ్మరసం, పొడి చేసిన పంచదార 120 గ్రాములు. గిన్నెకు నూనె జిడ్డు ఉంటే నురగ లేవదు, నిమ్మచెక్కతో తుడిచి ఆరబెట్టాలి. ప్లాస్టిక్ గిన్నె వద్దు, కడిగినా జిడ్డు వదలదు. చేతి మిక్సర్‌తో ఐదారు నిమిషాలు కొట్టి, మెత్తటి శిఖరాలు నిలిచాక పంచదారను చెంచా చెంచాగా వేస్తూ మరో ఐదు నిమిషాలు కొట్టాలి. 100 డిగ్రీల దగ్గర గంటన్నర నుంచి రెండు గంటలు ఆరనివ్వాలి. తీసేశాక గాలి తగలని డబ్బాలో వెంటనే పెట్టాలి. రాయలసీమ ఎండాకాలపు పొడిగాలి ఈ పనికి అనుకూలం. వానలు పడే రోజుల్లో మాత్రం పూట తిరక్కుండానే మెరింగ్ జిగురెక్కుతుంది.

ఈ నురగలో ప్రొటీన్ తెల్లసొనతో పోలిస్తే చాలా తక్కువ, అది వేడికి గట్టిపడదు. మెరింగ్ నిలిచేది పంచదార ఎండి బిగుసుకోవడం వల్ల. అందుకే పది పన్నెండు తెల్లసొనల మీద నిలబడే ఏంజెల్ ఫుడ్ కేకు లాంటివి ఆక్వాఫాబాతో ఓవెన్‌లో పొంగి, బయటికి తియ్యగానే కూలిపోతాయి. అలాంటి వంటకాన్ని మార్చాలని చూడకుండా, మొదటి నుంచీ గుడ్డు లేకుండా రాసిన కేకు ఎంచుకోవడం తెలివి.

మయొనైజ్‌కు వస్తే ఇదే నీళ్లు ఎంతో నమ్మకంగా పనిచేస్తాయి. 45 మి.లీ. ఆక్వాఫాబా, ఒక టీ స్పూన్ ఆవపొడి ముద్ద, రెండు టీ స్పూన్ల నిమ్మరసం, అర టీ స్పూన్ ఉప్పు పొడవాటి గ్లాసులో వేసి, హ్యాండ్ బ్లెండర్ తిప్పుతూ 180 మి.లీ. సన్‌ఫ్లవర్ నూనె దారంలా పొయ్యాలి. తీపి లేని సోయా పాలు 100 మి.లీ.కి 200 మి.లీ. నూనె ఇంకా తేలిక, సోయాలో లెసితిన్ ఉంటుంది. పాలూ నూనే రెండూ గది వేడిలో ఉండాలి. నూనె ఒక్కసారిగా పోస్తే విరిగిపోతుంది. విరిగినదాన్ని పారెయ్యక్కర్లేదు. కొత్త గ్లాసులో రెండు చెంచాల సోయా పాలు పోసి, విరిగినదాన్ని కొంచెం కొంచెంగా అందులోకి కొట్టుకుంటూ వస్తే మళ్లీ కలుస్తుంది.

పళ్లెంలో గుడ్డే కావాలంటే

ఆమ్లెట్టుకు 60 గ్రాముల శనగపిండి, ఒక టేబుల్ స్పూన్ బియ్యప్పిండి, 120 మి.లీ. నీళ్లు, చిటికెడు పసుపు, ఉప్పు. ఉండలు లేకుండా కలిపి 20 నిమిషాలు నాననివ్వాలి. ఉల్లి, పచ్చిమిర్చి, కొత్తిమీర పెనం మీద వెయ్యబోయే ముందు కలపాలి, లేకపోతే ఉల్లి నీరూరి పిండి పల్చబడుతుంది. మూత పెట్టి మధ్య సెగన రెండు మూడు నిమిషాలు, తిప్పి ఇంకో నిమిషం. చాలామందికి నచ్చకపోవడానికి కారణం పచ్చి శనగపిండి వాసన. పెద్ద మంట మీద బయట ఎర్రబడి లోపల ఉడక్కపోతే అది మిగిలిపోతుంది. పల్చగా పోసి మూత పెడితే రాదు.

అమెరికాలో జస్ట్ ఎగ్ పేరుతో అమ్మే ద్రవంలో ముఖ్య సరుకు పెసల నుంచి తీసిన ప్రొటీన్. ఇంట్లో పెసరపప్పుతో చేసినప్పుడు అంత మెత్తగా ఎందుకు రాదంటే, వాళ్లు పిండిపదార్థాన్ని వేరుచేసి ప్రొటీన్‌ను మాత్రమే వాడతారు. మన రుబ్బులో రెండూ ఉంటాయి. అయినా పొరుటుకు బాగానే ఉంటుంది. 100 గ్రాముల పొట్టు తీసిన పెసరపప్పు నాలుగు గంటలు నానబెట్టి, 150 మి.లీ. నీళ్లు, ఒక టేబుల్ స్పూన్ నూనె, అర టీ స్పూన్ బేకింగ్ పౌడర్, పసుపుతో వెన్నలా రుబ్బాలి. వేయించిన ఉల్లిపాయల మీద పోసి, కదపకుండా మూత పెట్టాలి. అడుగు గట్టిపడి పైన ఇంకా కొంచెం తడిగా ఉన్నప్పుడు అట్లకాడతో విరవాలి. ముందే కలియబెడితే ముద్దపప్పు అవుతుంది. ఇంత ఓపిక లేనప్పుడు 200 గ్రాముల గట్టి టోఫును నీళ్లు పిండి చిదిమి, అదే తాలింపులో ఐదు నిమిషాలు వేయించుకోవచ్చు.

గుడ్డు వాసన నల్ల ఉప్పుతో వస్తుంది. ఉడికిన గుడ్డుకు వాసన ఇచ్చే గంధకపు వాయువే ఇందులోనూ ఉంటుంది. పొయ్యి మీద మరిగితే అది ఎగిరిపోతుంది, కాబట్టి దించాక చల్లాలి. ఇద్దరికి పావు టీ స్పూన్ చాలు, మించితే కుళ్లు వాసన వేస్తుంది. మామూలు ఉప్పు ఆ మేరకు తగ్గించాలి.

ఉడికిన గుడ్డు ఆకారం కోసం చైనా గ్రాస్‌తో (సముద్రపు నాచు నుంచి తీసే అగర్) చేసే తెల్లటి గుడ్లు చూడటానికి ముచ్చటగా ఉంటాయి, చల్లటి సలాడ్‌లో పనికొస్తాయి. పులుసులో వెయ్యకూడదు. చైనా గ్రాస్ 85 డిగ్రీల దగ్గర కరిగిపోతుంది, మరిగే పులుసులో ఏమీ మిగలదు. బేకరీ ఎగ్ పఫ్‌లోనూ అంతే. ఈ రెండింటికీ ఉప్పునీళ్లలో పది నిమిషాలు ఉంచి పైపైన వేయించిన టోఫు ముక్కే సరైనది. పఫ్ పైన మెరుపుకు రెండు టేబుల్ స్పూన్ల సోయా పాలలో అర టీ స్పూన్ పంచదార, నాలుగు చుక్కల నూనె కలిపి రాస్తే ప్రొటీన్, చక్కెర కలిసి ఎర్రటి రంగు ఇస్తాయి.

కస్టర్డ్ గురించి బెంగ అక్కర్లేదు. ఆల్ఫ్రెడ్ బర్డ్ 1837లో బర్మింగ్‌హామ్‌లో కస్టర్డ్ పౌడర్ చేసిందే భార్యకు గుడ్లు పడక. ఈనాటికీ అది మొక్కజొన్న పిండి, రంగు, వనిల్లానే. పాల బదులు సోయా పాలో కొబ్బరి పాలో పోస్తే చాలు.

కొర్రలు, రాగులతో చేసేటప్పుడు

అనంతపురం ఇళ్లలో రాగి బిస్కెట్లు, కొర్ర కేకులు మామూలైపోయాయి. గుడ్డు తీసేస్తే ఇవి చేతిలోనే పొడిపొడి అవుతాయి. మైదా కేకులో గుడ్డు పోయినా గ్లూటెన్ మిగులుతుంది, చిరుధాన్యాల్లో అదీ లేదు. అవిసె ఒక్కటే ఆ బరువు మొయ్యలేదు. 200 గ్రాముల పిండికి 5 గ్రాముల ఇసబ్‌గోల్ పొట్టును ద్రవంలో పది నిమిషాలు నానబెట్టి కలపాలి. పిండిలో నాలుగో వంతు మొక్కజొన్న పిండి గానీ పాలగుండ గానీ ఉండాలి. కలిపిన పిండిని 20 నిమిషాలు వదిలితే రవ్వ నీళ్లు పీల్చుకుంటుంది. సోడా, నిమ్మరసం ఆ తర్వాతే వెయ్యాలి. ఇసబ్‌గోల్ 8 గ్రాములు దాటితే కేకు రబ్బరులా సాగుతుంది. పూర్తిగా చల్లారకముందు కోస్తే ఎంత బాగా చేసినా విరుగుతుంది.

కొనేటప్పుడు, తినేటప్పుడు

బేకరీలో "ఎగ్‌లెస్" అని రాసి ఉంటే గుడ్డు లేదనే అర్థం, వీగన్ అని, అంటే పాలతో సహా జంతువుల నుంచి వచ్చేదేదీ లేదని కాదు. ఎగ్‌లెస్ కేకుల్లో ఎక్కువగా కండెన్స్‌డ్ మిల్కు, పెరుగు, వెన్న పడతాయి. ప్యాకెట్ మీద ఆకుపచ్చ చుక్క పాల పదార్థాలున్నవాటికీ ఉంటుంది. వీగన్ ఆహారానికి దేశంలో ఆహార ప్రమాణాలు చూసే సంస్థ ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ 2022లో వేరే నిబంధనలు, వేరే ఆకుపచ్చ గుర్తు తెచ్చింది. ఆంగ్ల అక్షరం 'వీ' మీద చిన్న ఆకు ఉంటుంది, చూడాల్సింది దాన్ని. గుడ్డు అలర్జీ ఉన్న పిల్లలకు కొనేవాళ్లు అదే గిన్నెల్లో గుడ్డు కేకులు కూడా చేస్తారా అని అడిగి తెలుసుకోవాలి. ఇంట్లో చేసి పంచేవాళ్లు సోయా, బుడ్డలు, శనగపిండి పడనివాళ్లు ఉంటారని గుర్తుంచుకుని ఏమేం వేశారో చెప్పాలి.

వంటలో గుడ్డు స్థానం నిండినంత మాత్రాన ఒంటికి అందేది నిండదు. ఒక గుడ్డులో 6 గ్రాముల ప్రొటీన్ ఉంటుంది. ఒక చెంచా అవిసె పొడిలో ఒకటిన్నర గ్రాము కూడా ఉండదు, ఆక్వాఫాబాలో దాదాపు లేనట్టే. శనగపిండి ఆమ్లెట్టులో మాత్రం 60 గ్రాముల పిండికి 12-13 గ్రాములు దొరుకుతుంది. గుడ్డులో ఉండే విటమిన్ బీ12 వీటిలో దేంట్లోనూ లేదు. పాలూ పెరుగూ కూడా మానేసినవాళ్లు బీ12 మాత్ర ఎంత మోతాదులో వేసుకోవాలో డాక్టరును అడిగి మొదలుపెట్టాలి, పిల్లలకూ గర్భిణులకూ ఇది వాయిదా వెయ్యకూడదు.